కపిధ్వజం నుంచి సూర్యబింబం దాకా

చైత్ర పౌర్ణమి దగ్గర పడిందంటే కొండగట్టు దారులన్నీ కాషాయమే. కోరుట్ల నుంచి, సిరిసిల్ల నుంచి, జగిత్యాల పల్లెల నుంచి హనుమాన్ దీక్షాపరులు బారులు తీరి వస్తుంటారు. చేతుల్లో జెండాలు, జెండాల మీద అంజన్న. ఆ జెండా పొడవెంత, వెడల్పెంత, కాషాయం ఏ ఛాయలో ఉండాలి, అంజన్న ఎటువైపు చూడాలి అని ఏ జీవోలోనూ రాసి లేదు. అయినా దాన్ని గుర్తుపట్టని మనిషి ఈ చుట్టుపక్కల దొరకడు.

జపాన్ జెండా సంగతీ చాలాకాలం ఇంతేనంటే నమ్ముతారా? తెల్లగుడ్డ మీద ఎర్రటి సూర్యబింబం ప్రపంచమంతా ఎరిగినదే. అది మా జాతీయ పతాకమని జపాన్ చట్టం చేసుకున్నది మాత్రం 1999లో! రష్యాతో యుద్ధం గెలిచినప్పుడు, రెండో ప్రపంచ యుద్ధంలో ఓడినప్పుడు, 1964లో టోక్యోలో ఒలింపిక్స్ జరిపినప్పుడు ఎగిరింది ఆ జెండాయే. అప్పటికి దాన్ని జాతీయ పతాకమని చెప్పే చట్టం లేదు. జనం ముందు, గెజిట్ తర్వాత. జెండాల చరిత్ర తిరగేస్తే ఎక్కువగా కనపడే వరస ఇదే.

రథం మీద అంజన్న

అర్జునుడికి కపిధ్వజుడని పేరు. కురుక్షేత్రంలో ఆయన రథం టెక్కెం మీద ఉన్నది హనుమంతుడు. మహాభారతంలో ఒక్కో వీరుడికి ఒక్కో గుర్తు. దుర్యోధనుడిది పాము. భీష్ముడిది తాటిచెట్టు! తాళ్లు లేని ఊరు లేని తెలంగాణలో ఈ చివరి సంగతి ఎందుకు ఎక్కువ మందికి తెలియదో నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. దుమ్ము రేగిన యుద్ధంలో ఎవరు ఎక్కడున్నారో తెలియాలంటే ఎత్తు మీద గుర్తు ఉండాలి. జెండా అసలు పని అదే. గౌరవం, భక్తి, దేశాభిమానం తర్వాత వచ్చి చేరినవి.

గుళ్లో అయినా అంతే. విష్ణ్వాలయంలో బ్రహ్మోత్సవాలు మొదలయ్యేది గరుడుడి బొమ్మ వేసిన గుడ్డను ధ్వజస్తంభం మీదికి ఎక్కించాకే. శివాలయమైతే నంది. ఉత్సవం మొదలైందని ఊరికి చెప్పేది ధ్వజారోహణం, ముగిసిందని చెప్పేది అవరోహణం.

మల్యాల మండలం ముత్యంపేట దగ్గరి కొండగట్టు మీద వెలసిన అంజన్నకు ఏటా రెండు జయంతులు. చైత్ర పౌర్ణమికి చిన్న జయంతి, వైశాఖ బహుళ దశమికి పెద్ద జయంతి. సంజీవని పర్వతం మోసుకుపోతుంటే దాంట్లోంచి రాలిపడిన ముక్కే ఈ కొండ అని స్థలపురాణం. జెండాలు అమ్ముకునేవాళ్లకు మాత్రం రెండు జయంతులంటే రెండు సీజన్లు.

జపాన్ జెండా మీద మన కుబేరుడు

పదహారో శతాబ్దపు జపాన్‌లో ఊరికో దొర, దొరకో సైన్యం. ఎవరి మనిషి ఎవరో తెలియడానికి సైనికులు వీపుకు చిన్న జెండా కట్టుకుని యుద్ధం చేసేవాళ్లు. ఆ దొరల్లో పెద్ద పేరున్నవాడు ఉయెసుగి కెన్షిన్ (1530-1578). ఆయన జెండా మీద ఉండేది ఒకే ఒక్క అక్షరం, 'బి'. బిషామోన్ తెన్ అనే యుద్ధదేవత పేరులో మొదటి అక్షరం అది. ఆ బిషామోన్ ఎవరనుకున్నారు? వైశ్రవణుడు. అంటే మన కుబేరుడే! బౌద్ధంతో పాటు చైనా మీదుగా జపాన్ చేరి, అక్కడ కవచం తొడుక్కుని, ఈటె పట్టుకుని ఉత్తర దిక్కు కాపలాదారుగా నిలబడ్డాడు. మన దగ్గర బొజ్జతో, ధనరాశితో కూర్చున్నవాడికి అక్కడ యుద్ధం పని అప్పజెప్పారు. ఉత్తర దిక్కు మాత్రం రెండు చోట్లా ఆయనదే.

సూర్యుడి పెత్తనం

607లో జపాన్ దర్బారు నుంచి చైనా చక్రవర్తికి ఒక లేఖ వెళ్లింది. సూర్యుడు ఉదయించే దేశపు ఏలిక, సూర్యుడు అస్తమించే దేశపు ఏలికకు రాస్తున్నట్టుగా అందులో సంబోధన ఉంది. సుయి వంశపు చక్రవర్తికి ఒళ్లు మండిందట. మండదా మరి!

జపాన్ వాళ్లకు సూర్యుడు దేవుడు కాదు, దేవత. పేరు అమతెరాసు. రాజవంశం ఆమె సంతతేనని వాళ్ల పురాణం. 1185లో యషిమా దగ్గర జరిగిన యుద్ధంలో ఒక పడవ మీద ఎర్ర సూర్యబింబం వేసిన విసనకర్రను గుంజకు కట్టి, దమ్ముంటే కొట్టమని శత్రువులు సవాలు చేస్తే, నాసు నో యోయిచి అనే విలుకాడు ఒక్క బాణంతో పడగొట్టాడని కథ. మత్స్యయంత్రాన్ని కొట్టిన కథ విని పెరిగిన మనకు ఇది కొత్తగా అనిపించదు.

ఆ బింబం జెండాగా స్థిరపడింది ఓడల వల్ల. 1853లో అమెరికా యుద్ధనౌకలు జపాన్ తలుపు తట్టాయి. ఆ మరుసటి ఏడాది, విదేశీ ఓడల నుంచి మన ఓడల్ని వేరుగా చూపించాలి కాబట్టి సూర్యబింబం ఎగరేయండని షోగున్ ప్రభుత్వం ఆజ్ఞ ఇచ్చింది. 1870 ఫిబ్రవరి 27న మేజీ ప్రభుత్వం వర్తక నౌకల కోసం కొలతలు కూడా ప్రకటించింది. ఎత్తు 7 అయితే పొడవు 10. బింబం నట్టనడుమ కాదు, కర్రవైపు నూరో వంతు జరిగి ఉండాలి. అప్పట్నుంచి 129 ఏళ్లు ఆ ఓడల ఉత్తర్వు మీదే బండి నడిచింది.

1945లో ఓడిపోయాక జపాన్‌ను ఆక్రమించిన సేనలు ఈ జెండా మీద ఆంక్షలు పెట్టాయి. ఎగరేయాలంటే అనుమతి కావాలి. 1949లో ఆంక్షలు ఎత్తేశారు. కానీ యుద్ధం మిగిల్చిన చేదు అంత తొందరగా పోలేదు. బడుల్లో జెండా ఎగరేయాలా వద్దా, జాతీయ గీతానికి లేచి నిలబడాలా వద్దా అని ఉపాధ్యాయ సంఘాలకూ విద్యాశాఖకూ దశాబ్దాల పాటు పోరు. ఆ ఒత్తిడి నడుమ 1999 ఫిబ్రవరిలో హిరోషిమా ప్రాంతంలో ఒక హైస్కూలు ప్రిన్సిపాల్ ఆత్మహత్య చేసుకున్నారు. ఆ విషాదం తర్వాతే చట్టం కదిలింది. దిగువ సభలో 403 మంది ఔనన్నారు, 86 మంది కాదన్నారు. ఆగస్టు 13న అమల్లోకి వచ్చింది. ఎత్తు 2, పొడవు 3. బింబం ఎత్తులో అయిదింట మూడు వంతులు, ఈసారి సరిగ్గా నడుమ.

దిగువ సభ ఓటు వేసిన తేదీ జులై 22. మన రాజ్యాంగ సభ మువ్వన్నెల జెండాను ఆమోదించింది కూడా జులై 22నే, 1947లో. కాకతాళీయమే.

ఇంకో చిన్న ముచ్చట. జపాన్ వాళ్ల డబ్బాలో తెల్లన్నం పరిచి, నడుమ ఒక ఎర్రటి ఊరబెట్టిన ఉమె పండు పెడితే దాని పేరే జెండా భోజనం, 'హినోమారు బెంతో'. మన పెరుగన్నంలో ఉసిరికాయ పచ్చడి ముద్ద పెట్టినట్టే, కాకపోతే దానికి దేశభక్తి కూడా తోడైంది.

బింబం ఉన్న జెండా వాళ్లదొక్కటే కాదు. బంగ్లాదేశ్‌ది ఆకుపచ్చ మీద ఎరుపు. 1971 విముక్తి పోరాటంలో ఆ ఎర్ర బింబంలో దేశపటం కూడా ఉండేది, 1972లో తీసేశారు. పసిఫిక్ ద్వీప దేశం పలావ్‌ది నీలం మీద పసుపు. అది సూర్యుడు కాదు, పున్నమి చంద్రుడు.

మన దగ్గరా ఒక బింబం ఎగిరింది

జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్లలు నిజాం ఏలుబడిలో ఉన్నప్పుడు ఇక్కడి దివాణాల మీద ఎగిరింది ఆసఫ్‌జాహీల పసుపు జెండా. నడుమ గుండ్రటి గుర్తు. అది సూర్యుడూ కాదు, చంద్రుడూ కాదు, రొట్టె! కుల్చా.

మొదటి నిజాం ఆకలితో ఉన్నప్పుడు సూఫీ సాధువు నిజాముద్దీన్ ఔరంగాబాదీ పసుపు గుడ్డలో చుట్టిన కుల్చాలు పెట్టాడట. ఆయన ఏడు తిని ఇక చాలన్నాడట. ఏడు తరాలు ఏలుతావని సాధువు దీవించాడట. నిజాములు ఏడుగురే అయ్యారు కాబట్టి కథకు బలం వచ్చింది. కథ ముందా, లెక్క ముందా అని అడక్కండి. రాజ్యం పతాకం మీద రొట్టెను పెట్టుకున్న దర్బారు మీద నాకు మాత్రం కాస్త గౌరవమే.

తర్వాతి కాలంలో ఆ జెండాకు పచ్చటి అంచులు, నడుమ నిజాం తలపాగా వచ్చి చేరాయి. 1947 ఆగస్టు 15న దేశమంతా మువ్వన్నెల జెండా ఎగురుతుంటే హైదరాబాద్ రాజ్యంలో అది నిషిద్ధం. స్వామి రామానంద తీర్థ నాయకత్వంలో స్టేట్ కాంగ్రెస్ వాళ్లు ఆ నిషేధాన్ని ధిక్కరించి అరెస్టయ్యారు. పల్లెల్లో రాత్రికి రాత్రి జెండా పాతి పొద్దున్నే దెబ్బలు తిన్నవాళ్ల కథలు మన తాతల తరం చెప్పేది. పసుపు జెండా దిగింది 1948 సెప్టెంబరు పోలీసు చర్యతో.

జపాన్ వెంకయ్య

ఈ పేరు ఎవరిదో చెప్పగలరా? మన జాతీయ జెండాకు రూపు దిద్దిన పింగళి వెంకయ్యది. కృష్ణా జిల్లాలో 1876 ఆగస్టు 2న పుట్టారు. పందొమ్మిదేళ్ల వయసులో సైన్యంలో చేరి, బోయర్ యుద్ధం కోసం దక్షిణాఫ్రికా వెళ్లి, అక్కడే గాంధీని కలిశారు. లాహోర్‌లో ఉర్దూతో పాటు జపనీస్ నేర్చుకున్నారు. 1905లో రష్యాను ఓడించిన జపాన్ అంటే ఆ రోజుల్లో మన చదువుకున్నవాళ్లకు మహా మోజు. ఒక ఆసియా దేశం ఒక ఐరోపా రాజ్యాన్ని ఓడించడం అదే మొదటిసారి చూస్తున్న తరం అది. 1913లో బాపట్లలో వెంకయ్య జపనీస్ భాషలో ఉపన్యాసం ఇచ్చేసరికి 'జపాన్ వెంకయ్య' అయిపోయారు. పత్తి మీద పరిశోధన చేస్తే 'పత్తి వెంకయ్య' అన్నారు. వజ్రాల గురించి ఆరా తీస్తే 'డైమండ్ వెంకయ్య' అన్నారు. తెలుగువాళ్లం పేర్లు పెట్టడంలో దిట్టలం కదా! ఆదుకోవడంలో అంత దిట్టలం కాదు. 1963 జులై 4న ఆయన పోయేనాటికి చేతిలో చిల్లిగవ్వ లేని బతుకు.

మునగాల సంస్థానంలో, ఇప్పటి సూర్యాపేట జిల్లా నడిగూడెం కోటలో రాజా నాయని వెంకట రంగారావు ఆదరణలో ఆయన కొన్నేళ్లున్నారు. 1916లోనే దేశానికో జెండా ఉండాలని రకరకాల నమూనాలతో పుస్తకం వేశారు. 1921 మార్చి ఆఖరున బెజవాడలో అఖిల భారత కాంగ్రెస్ కమిటీ సమావేశం. జెండాలో రాట్నం ఉండాలన్న ఆలోచన జలంధర్‌కు చెందిన లాలా హంసరాజ్‌ది. గాంధీ అడిగితే మూడు గంటల్లో ఎరుపు, ఆకుపచ్చల మీద రాట్నం వేసి ఇచ్చారు వెంకయ్య. అప్పటికే ఆలస్యమై అది సమావేశం ముందుకు రాలేదు. ఆ ఆలస్యమే మంచిదైందని గాంధీ తర్వాత యంగ్ ఇండియాలో రాసుకున్నారు. తీరిగ్గా ఆలోచిస్తే మిగతా మతాల వారి కోసం తెలుపు కూడా కావాలని తట్టిందట. అలా మూడో రంగు చేరింది. 1931లో ఎరుపు కాషాయమైంది. 1947లో రాట్నం స్థానంలో ఇరవై నాలుగు ఆకుల అశోక చక్రం వచ్చింది. పాతికేళ్లు ఊరేగింపుల్లో, జైళ్లలో నలిగాకే మన జెండా కాగితమెక్కింది.

ఒకటో నంబరు

సిమెంటుకు, ప్రెషర్ కుక్కర్‌కు, హెల్మెట్‌కు ఐఎస్‌ఐ ముద్ర చూస్తాం. ఒక్కో వస్తువు ప్రమాణానికి ఒక్కో నంబరు ఉంటుంది. ఆ వరసలో ఐఎస్ 1, అంటే మొట్టమొదటిది దేనికో తెలుసా? 1951లో ప్రకటించిన జాతీయ జెండా ప్రమాణానికి. జెండా కొలతలు తొమ్మిది రకాలు. అతి పెద్దది 6,300 మిల్లీమీటర్ల పొడవు, 4,200 ఎత్తు. అతి చిన్నది 150కి 100. ఆ ముద్రతో ఖాదీ జెండాలు చేసే కేంద్రం కర్ణాటకలో హుబ్బళ్లి దగ్గరి బెంగేరిలో ఉంది.

చాలాకాలం చేత్తో వడికి, చేత్తో నేసిన బట్టతోనే జెండా చేయాల్సి ఉండేది. మరమగ్గం బట్ట పనికిరాదు. అంటే వేల సాంచాలు రాత్రీపగలూ ఆడే సిరిసిల్లలో నేసిన పాలిస్టర్ గుడ్డ పార్టీ జెండా కావచ్చు, కండువా కావచ్చు, జాతీయ జెండా మాత్రం కాకూడదు. 2021 డిసెంబరు 30న జెండా నియమావళిని సవరించి మరమగ్గం బట్టకూ పాలిస్టర్‌కూ అనుమతించారు. ఆ మరుసటి ఏడాది వజ్రోత్సవాలకు తెలంగాణ ప్రభుత్వం ఇంటింటికీ జెండా అని 1.20 కోట్ల జెండాలు తలపెట్టేసరికి సిరిసిల్ల సాంచాలకు పని దొరికింది. ఖాదీవాళ్లు ఈ సవరణతో మా నోట్లో మట్టి కొట్టారన్నారు. ఆసాములు, కార్మికులు మా పొయ్యి మీద ఎసరు పెట్టారన్నారు. ఇద్దరి మాటా నిజమే. నన్నడిగితే జెండా మీద బతికే హక్కు సాంచా కార్మికుడికీ ఉంది, కానీ రాట్నంతో పుట్టిన జెండా ఖాదీని మరచిపోవడం బాగుండదు.

సిరిసిల్లకు ఎన్నికలంటే జెండాల పంటే. గులాబీ, మూడు రంగులు, కాషాయం, పసుపు, ఎరుపు, ఏ రంగైనా అదే వీధుల్లో తయారు. కొట్లాడుకునే పార్టీల కండువాలన్నీ ఒకే షెడ్డులో ఒకదాని మీదొకటి పడుకుని ఉంటాయి. అదే ఊరి నేతన్న హరిప్రసాద్ జీ20 చిహ్నాన్ని మగ్గం మీద నేసి ప్రధానికి పంపితే, 2022 నవంబరు మన్ కీ బాత్‌లో ఆ ముచ్చట దేశమంతా వినిపించింది.

పదహారు రేకులు, పదహారు కిరణాలు

జపాన్ పాస్‌పోర్టు మీద కనపడేది పదహారు రేకుల చామంతి. రాజవంశపు ముద్ర కూడా చామంతే. ప్రధాని మాట్లాడే బల్ల మీద మాత్రం చామంతి ఉండదు, పౌలోనియా అనే చెట్టు ఆకులూ పూలూ ఉంటాయి. రాజుకు ఒకటి, సర్కారుకు ఒకటి. మనం జపాన్ పువ్వనగానే చెప్పే చెర్రీకి దక్కింది వంద యెన్‌ల నాణెం.

నాణేల్లో నాకు నచ్చింది అయిదు యెన్‌లది. నడుమ చిల్లు. మీద వరికంకి, కింద నీటి గీతలు, చిల్లు చుట్టూ యంత్రపు పళ్ల చక్రం. సేద్యం, చేపలవేట, పరిశ్రమ. దాని మీద అంకెల్లో విలువ ఉండదు, జపనీస్ లిపిలోనే ఉంటుంది.

సూర్యుడి చుట్టూ పదహారు కిరణాలు విరజిమ్మే మరో జెండా ఉంది. అది పాత సైన్యానిది, ఇప్పుడు అక్కడి నౌకాదళానిది. కొరియా, చైనాల్లో దాన్ని చూస్తే ఇప్పటికీ పాత గాయం రేగుతుంది. 2018లో దక్షిణ కొరియాలోని జెజు దగ్గర నౌకల ప్రదర్శనకు ఆ జెండా లేకుండా రమ్మంటే జపాన్ రావడమే మానుకుంది.

పిట్టలూ పూలూ

జపాన్ జాతీయ పక్షి కిజి అనే పచ్చటి నెమలికోడి. దాన్ని ఎంచింది ప్రభుత్వం కాదు, 1947లో పక్షి శాస్త్రవేత్తల సంఘం. పిల్లల కథలో రాక్షసుల మీదికి వెళ్లే మొమొతారోకు తోడు వెళ్లిన పక్షి ఇదే. అన్నట్టు, దాన్ని అక్కడ వేటాడవచ్చు! జాతీయ పక్షిని కొట్టుకు తినే వీలున్న దేశాలు అరుదు.

తెలంగాణ ఏర్పడ్డాక 2014 నవంబరులో రాష్ట్ర చిహ్నాలు ప్రకటించారు. పాలపిట్ట, జింక, జమ్మి, తంగేడు. జింకను పక్కన పెడితే మిగతా మూడూ ఒకే పండుగ పక్షంలోవి. బతుకమ్మను పేర్చేటప్పుడు అడుగు వరస తంగేడు. దసరా నాడు మొక్కేది జమ్మికి, ఊరవతలికి పోయి వెతికేది పాలపిట్టను. జనం ఎప్పుడో ఎంచుకున్నవాటి మీద సర్కారు సంతకం పెట్టింది, అంతే. ఏలె లక్ష్మణ్ గీసిన రాష్ట్ర ముద్రలో కాకతీయ తోరణం, చార్మినార్ ఉన్నాయి. వాటిని మారుస్తామని 2024లో మాట రాగానే లేచిన గొడవ గుర్తుండే ఉంటుంది.

పాటలు, ప్రతిజ్ఞ

జపాన్ గీతం 'కిమిగయో' మాటలు పదో శతాబ్దపు పద్య సంకలనంలోవి. రాసిందెవరో తెలియదు. మొత్తం అయిదు పాదాలు. ఒక బ్రిటిష్ బ్యాండు మాస్టరు కట్టిన మొదటి బాణీ నచ్చక, 1880లో ఆస్థాన సంగీతకారులు కొత్తది కట్టారు. దానికి పాశ్చాత్య వాద్యాల హంగు కూర్చింది ఫ్రాంజ్ ఎకర్ట్ అనే జర్మన్. దీనికీ చట్టం 1999లోనే.

మన జనగణమనకు మదనపల్లెతో చుట్టరికం. 1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ్ ఠాగూర్ అక్కడి థియోసాఫికల్ కాలేజీకి వచ్చి పాట పాడి, ఇంగ్లిషులోకి తానే మార్చారు. స్వరలిపి రాసిపెట్టడంలో మార్గరెట్ కజిన్స్ తోడ్పడ్డారు. బడి పిల్లలు రోజూ చెప్పే ప్రతిజ్ఞ అయితే అచ్చంగా తెలంగాణ మనిషిది. నల్లగొండ జిల్లా అన్నెపర్తికి చెందిన పైడిమర్రి వెంకట సుబ్బారావు విశాఖపట్నంలో ట్రెజరీ అధికారిగా ఉండగా 1962లో తెలుగులో రాశారు. 1965 జనవరి 26 నుంచి దేశమంతటా చెప్పిస్తున్నారు. చాలాకాలం పాఠ్యపుస్తకాల్లో ఆయన పేరే ఉండేది కాదు. మీ ఇంట్లో బడి పిల్లలుంటే ఈ పేరు ఒకసారి చెప్పండి.

ఆగస్టు 16 సంగతి

కోరుట్ల ఒకప్పుడు చేతి కాగితానికి పేరున్న ఊరు. ఇప్పుడు పిల్లల చేతుల్లో ఊగేవి మిషను కాగితం జెండాలు, అంతకన్నా ఎక్కువగా ప్లాస్టిక్‌వి. ప్లాస్టిక్ జెండా నియమావళి ప్రకారం చెల్లదు. కాగితపు జెండాలను పండుగ అయ్యాక నేల మీద పారేయకూడదు. చిరిగిన, వెలిసిన జెండాను నలుగురూ చూడని చోట, ముక్కలు చేయకుండా, మొత్తంగా కాల్చడమో మర్యాదగా మరో విధంగా పారవేయడమో చేయాలి. ఈ ఏడు మీ వీధిలో పంద్రాగస్టు జెండాల తోరణం కట్టే కుర్రాళ్లకు మరునాడు దాన్ని విప్పే పని కూడా ముందే అప్పజెప్పండి.